భండారు అచ్చమాంబ

హైదరాబాదు నగరమునకు పడమటి దిక్కున మాదాపూర్, కొండాపూర్, గచ్చిబౌలి అను ప్రదేశములు కలవు. నలువది యేండ్లక్రిందట ఇవి చిన్న పల్లెలు. ఎటుచూచినను బండరాళ్ల గుట్టలును, నడుమనడుమ చెరువులును కానవచ్చుచుండెడివి. 1998వ సంవత్సరమున మాదాపూరులో సైబర్ టవర్స్ అను భవనము ప్రారంభమైనది. అది మొదలు ఆ ప్రాంతము హైటెక్ సిటీ యనియు, సైబరాబాదనియు ప్రసిద్ధి కెక్కినది. నేడు ఉదయమున అచ్చటి మెట్రో రైలు స్టేషనుకడ నిలిచి చూచినచో, ఎందరో యువతులు వడివడిగా తమ కార్యాలయములకు పోవుచుండుట కనిపించును. వారు కంప్యూటరులకు వలయు ప్రోగ్రాములను వ్రాయుదురు. దూరదేశములవారితో ఉత్తరప్రత్యుత్తరములు నడపుదురు. వారిలో పలువురు తెలుగునాట చిన్న పల్లెలనుండి వచ్చినవారు. ఆడపిల్ల చదువుకొనుటయు, ఆ చదువుతో జీవించుటయు వారికి వింత గాదు.

అయితే ఈ స్థితి తనంత తాను వచ్చినది కాదు. 1901వ సంవత్సరపు జనాభా లెక్కలను చూచినచో, ఆనాడు భారతదేశమున వేయిమంది స్త్రీలలో అక్షరజ్ఞానము గలవారు ఆరేడుగురు మాత్రమే. ఆడుది చదివినచో ఇంటికి కీడు వాటిల్లునని కొందరు నమ్మెడివారు. స్త్రీలకు స్వభావసిద్ధముగనే బుద్ధిబలము తక్కువ యని కొందరు వాదించెడివారు. బుద్ధి యున్నను, చదువు చెప్పి స్వేచ్ఛ యిచ్చినచో చెడిపోవుదురని మరికొందరు భయపెట్టెడివారు. ఈ మాటలు పలికినవారందరును చదువురానివారు కారు. పండితులును, పదవులలో నున్నవారును ఇట్లే పలికిరి. అందుచేత వీనికి సమాధానము చెప్పుట సులభము గాకుండెను.

అట్టి కాలమున బడిముఖమైన చూడని యొక స్త్రీ, ఆ నిందలకు గ్రంథరూపమున సమాధానము చెప్పినది. ఆమె జీవించినది ముప్పదియేండ్లు మాత్రమే. ఆ స్వల్పకాలములోనే తెలుగుభాషలో తొలి కథలను వ్రాసినవారిలో నొకతెగాను, భారతదేశపు స్త్రీల చరిత్రను తెలుగున కూర్చిన విదుషిగాను పేరు గడించినది. ఆమెయే భండారు అచ్చమాంబ.

అచ్చమాంబ 1874వ సంవత్సరమున కృష్ణామండలములోని నందిగామలో జన్మించెను. ఆ ఊరు మునేటి యొడ్డున నున్న పెనుగంచిప్రోలునకు సమీపమున నున్నది. తండ్రి కొమర్రాజు వేంకటప్పయ్య. తల్లి గంగమ్మ. వేంకటప్పయ్య మునగాల సంస్థానమున దివానుగా పనిచేసినవాడు. అచ్చమాంబకు ఆరేండ్ల ప్రాయము వచ్చునప్పటికే ఆయన పరలోకగతుడయ్యెను. ఆనాటికి ఆమె తమ్ముడు లక్ష్మణరావు మూడేండ్ల పసివాడు. ఇద్దరు పసిబిడ్డలతో గంగమ్మ తన సవతికుమారుడగు శంకరరావు ఆశ్రయమున నల్లగొండ సీమలో కాలము గడపవలసివచ్చెను.

తమ్ముడు పెరిగి బడికి పోవలసినవాడు. అక్కకు బడి లేదు. పెండ్లి సిద్ధముగా నుండెను. పదియేండ్ల ప్రాయమున అచ్చమాంబను ఆమె మేనమామయగు భండారు మాధవరావునకిచ్చి వివాహము చేసిరి. ఆయనకిది రెండవ వివాహము. మాధవరావు మధ్యపరగణాలలో ఇంజనీరు ఉద్యోగము చేయుచుండెను. నాగపురము ఆ పరగణాలకు రాజధాని. పుట్టిన యూరు విడిచి, మాటలాడుభాష వేరుగా నున్న ఆ దూరదేశమునకు అచ్చమాంబ కాపురమునకు పోయెను. ఆనాటి వేలకొలది బాలికల కథవలెనే ఆమె కథయు ఇచ్చటనే ముగిసిపోవలసినది.

కాని అట్లు ముగియలేదు. లక్ష్మణరావు చదువునిమిత్తమై నాగపురము వచ్చి అక్కయింటనే యుండెను. అతడు చురుకైన విద్యార్థి. ప్రతిదినమును బడినుండి వచ్చి ఇంట పాఠములు చదువుకొనునప్పుడు, అచ్చమాంబ అతని ప్రక్కన కూర్చుండి వినుచుండెను. వినుచు వినుచు అక్షరములు గుర్తించెను. అక్షరములనుండి మాటలకును, మాటలనుండి పుస్తకములకును పోయెను. తనకన్న చిన్నవాని వలన విద్య నేర్చుకొనుట కామె సిగ్గుపడలేదు. అక్కకు చదువెందులకని తమ్ముడును అనుకొనలేదు. ఇంటిపని ముగిసిన పిమ్మట మిగిలిన కాలమే ఆమెకు బడి. తమ్ముని పుస్తకములే ఆమెకు గ్రంథాలయము.

ఇట్లు ఆమె తెలుగు చక్కగా నేర్చెను. నాగపురమున హిందీయు, మరాఠీయు వ్యవహారభాషలు. ఆ రెండింటను ఆమె గ్రంథములు చదువగలిగినంత పాండిత్యము సంపాదించెను. సంస్కృతమునందును, ఇంగ్లీషునందును ప్రవేశము కలిగించుకొనెను. ఇతరులకు పరదేశవాసము కష్టముగా తోచును. అచ్చమాంబకు అదియే మేలయ్యెను. ఆనాడు మహారాష్ట్రదేశమున స్త్రీవిద్యనుగూర్చియు, దేశచరిత్రనుగూర్చియు నూతన గ్రంథములు విరివిగా వెలువడుచుండెను. తెలుగునాట నున్నచో ఆమె చేతికి రాని పుస్తకములు నాగపురమున లభించినవి. ఆ పుస్తకములలోని విషయములను తన తెలుగు సోదరీమణులకు అందించవలెనను కోరిక ఆమెకు క్రమముగా కలిగెను.

ఆమె జీవితమున దుఃఖమునకు కొదువ లేదు. కన్నబిడ్డలు చిన్నతనముననే మరణించిరి. అట్టి గర్భశోకము కలిగినవారు ప్రపంచముపై విరక్తులగుట సహజము. అచ్చమాంబ తన యింటి తలుపులు మూసికొనలేదు. తల్లిదండ్రులు లేని పిల్లలను కొందరిని చేరదీసి, అన్నము పెట్టి, చదువు చెప్పించెను. తనకు లేని బడిని ఇతరుల బిడ్డలకు కలిగించుటయే ఆమె తన దుఃఖమునకు కనుగొన్న మందు.

ఇచ్చట మరియొక దేశమున జరిగిన సంగతులను తలచుకొనుట ఉచితము. అచ్చమాంబ జీవించిన కాలములో చాలభాగము విక్టోరియా రాణి పరిపాలనకాలము. ఆ రాణి 1837వ సంవత్సరమున సింహాసనమెక్కి 1901వ సంవత్సరమున మరణించినది. సింహాసనముపై స్త్రీయే కూర్చుండియున్నను, ఆ దేశమున సైతము స్త్రీ గ్రంథము వ్రాయుట మెప్పు పొందెడి పని కాదు. షార్లెట్ బ్రాంటీ యను యువతి తన పద్యములను ఆస్థానకవియగు రాబర్ట్ సదీకి పంపగా, సాహిత్యము స్త్రీలకు జీవితవృత్తి కాజాలదని ఆయన 1837లో బదులు వ్రాసెను. ఆమె నిరాశచెందలేదు. పదియేండ్ల పిదప, 1847లో ‘జేన్ ఎయిర్’ అను ప్రసిద్ధ నవలను ప్రకటించెను. కాని తన పేరు చెప్పుకొనలేక, ‘కరర్ బెల్’ అను మారుపేరు ధరించెను. మేరీ ఆన్ ఎవాన్స్ అను మరియొక మహారచయిత్రి ‘జార్జి ఎలియట్’ అని పురుషుని పేరు పెట్టుకొని నవలలు వ్రాసెను.

ఇంకొక రచయిత్రి ఎలిజబెత్ గాస్కెల్. ఆమె పసికుమారుడు 1845లో జ్వరముచే మరణించెను. ఆ దుఃఖమునుండి మనసు మరల్చుకొనుటకై ఆమె ‘మేరీ బార్టన్’ అను నవలను వ్రాయనారంభించి, 1848లో పేరు లేకుండ ప్రకటించెను. మిల్లుకూలీల కష్టములు ఆ నవలకు వస్తువు. పిమ్మట 1857లో షార్లెట్ బ్రాంటీ జీవితచరిత్రను గూడ వ్రాసెను. ఒక స్త్రీ జీవితమును మరియొక స్త్రీ సానుభూతితో వ్రాసినప్పుడు లోకమునకు తెలియని సంగతు లెన్నియో తెలియవచ్చునని ఆ గ్రంథము నిరూపించినది.

గాస్కెల్‌కును అచ్చమాంబకును ఒక పోలిక కలదు. ఇరువురును బిడ్డలను పోగొట్టుకొనిన తల్లులే; ఇరువురును పేదలయందు దయ గలవారే; ఇరువురును తోడి స్త్రీల జీవితములను గ్రంథస్థము చేసినవారే. భేదము మాత్రమొకటి కలదు. గాస్కెల్ ఇంగ్లండులో బడికి పోయి చదివినది. అచ్చమాంబకు బడి లేదు. అయినను ఆమె మారుపేరు పెట్టుకొనక, తన పేరుతోనే గ్రంథము ప్రకటించినది.

ఆ గ్రంథము పేరు ‘అబలా సచ్చరిత్ర రత్నమాల’. ఈ పేరు నొకింత ఆలోచింపవలెను. ‘అబల’ అనగా బలము లేనిది. మన భాషలో స్త్రీకి ఇది పర్యాయపదము. పూర్వులు ఆ మాటను ఎన్నియోమారులు ప్రయోగించి, స్త్రీ యనగానే బలహీనురాలు అను భావమును స్థిరపరచిరి. అచ్చమాంబ ఆ మాటనే తీసికొని, దానిప్రక్కన ‘సచ్చరిత్ర’ అను మాటను నిలిపినది. మీరు అబల యనుచున్న స్త్రీల మంచిచరిత్రలు ఇవిగో, రత్నములవలె హారముగా గ్రుచ్చితిని, చూడుడు అని చెప్పినట్లున్నది. గ్రంథనామముననే సమాధానము ఇమిడియున్నది.

ఆ గ్రంథరచన కామె మూడు ప్రయోజనములు చెప్పుకొనెను. స్త్రీలు బలము లేనివారు, బుద్ధి లేనివారు అనుట సత్యము కాదని చూపుట మొదటిది. చదువును స్వాతంత్ర్యమును ఇచ్చినచో స్త్రీలు చెడిపోవుదురనుట సత్యము కాదని నిరూపించుట రెండవది. తన సోదరీమణులకు చదువ నింపుగా నుండి, నీతిని బోధించు కథల నందించుట మూడవది.

ఈ పనికి ఆమె యెన్నుకొనిన మార్గము గమనింపదగినది. ఒకడు ‘స్త్రీలకు బుద్ధి లేదు’ అనును. ‘ఉన్నది’ అని మరియొకడనును. ఇట్లు రేయుంబవలు వాదించినను తేలదు. గొంతు పెద్దగా గలవాడు గెలిచినట్లు కనిపించును. అచ్చమాంబ వాదమును నిదర్శనములవైపు త్రిప్పెను. ఏ కాలమున, ఏ దేశమున, ఏ స్త్రీ యేమి చేసినదో వెదకి, ఒక్కొక్కరి చరిత్రనే సాక్ష్యముగా నిలిపెను. రాజ్యమేలిన స్త్రీ యొకతె యున్నచో, స్త్రీకి రాజ్యపాలన చేతగాదనుట అబద్ధమగును. శాస్త్రమెరిగిన స్త్రీ యొకతె యున్నచో, స్త్రీకి శాస్త్రము రాదనుట అబద్ధమగును. కోపముతో పలికిన మాట గాలికి పోవును. నిదర్శనముతో పలికిన మాట నిలుచును.

ఇందుకై ఆమె ఇతరభాషలలోని చరిత్రగ్రంథములను వెదకి వెదకి చదివెను. తమ్ముడు లక్ష్మణరావు అప్పటికి చరిత్రపరిశోధనయం దాసక్తి గలవాడై, శివాజీచరిత్రమును తెలుగున వ్రాసియుండెను. ఒకే యింట తమ్ముడు రాజుల చరిత్రను, అక్క స్త్రీల చరిత్రను వెదకుచుండిరి. ఒకప్పుడు అతని ప్రక్కన కూర్చుండి అక్షరములు నేర్చిన అక్క ఇప్పుడు అతనితో సమానముగా గ్రంథపరిశోధన చేయుచుండెను.

రత్నమాల మొదటి భాగము 1901వ సంవత్సరమున వెలువడినది. కందుకూరి వీరేశలింగము పంతులుగారు దీనిని తమ ‘చింతామణి’ మూలమున ప్రకటించిరి. స్త్రీవిద్యకై అంతకు ముందే బాలికాపాఠశాలలు నెలకొల్పి, స్త్రీలకొరకు పత్రిక నడపిన పంతులుగారి ఆదరము ఈ గ్రంథమునకు లభించుట దానికి గొప్ప గౌరవము.

మొదటి భాగమున చరిత్రకాలమునకు చెందిన స్త్రీల జీవితములు కలవు. ఓరుగల్లు రాజధానిగా 13వ శతాబ్దమున కాకతీయరాజ్యమును పాలించిన రుద్రమదేవి ఇందున్నది. కుమ్మరికులమున పుట్టి రామాయణమును మధురమైన తెలుగున రచించిన మొల్ల ఇందున్నది. జ్యోతిశ్శాస్త్రమున నిపుణురాలని ప్రసిద్ధి గన్న ఖనా, కృష్ణభక్తిలో లోకమును మరచిన మీరాబాయి, 1858లో ఆంగ్లసైన్యము నెదిరించి యుద్ధభూమిలో ప్రాణములర్పించిన ఝాన్సీ లక్ష్మీబాయి ఇందున్నారు. వీరు వేరువేరు ప్రాంతములవారు, వేరువేరు కులములవారు. రాణికిని కుమ్మరి కన్యకును ఒకే హారమున తావు దొరకినది.

ఇందు పూర్వకాలపు స్త్రీలే కాక తన కాలపు స్త్రీకి గూడ అచ్చమాంబ స్థానమిచ్చెను. ఆమెయే ఆనందీబాయి జోషి. ఆనందీబాయి మహారాష్ట్రమున 1865లో జన్మించినది. తొమ్మిదేండ్ల ప్రాయమున ఆమెకు వివాహమయ్యెను. పదునాలుగేండ్ల ప్రాయమున కలిగిన బిడ్డ కొలదిదినములకే మరణించెను. తగిన వైద్యము లేకపోవుటయే కారణమని తలచి, తానే వైద్యురాలు కావలెనని ఆమె సంకల్పించెను. ఓడనెక్కి అమెరికాకు పోయి, 1886లో పెన్సిల్వేనియా స్త్రీవైద్యకళాశాలనుండి పట్టము పొందెను. స్వదేశమునకు తిరిగివచ్చి, మరుసటి యేడు ఇరువదిరెండేండ్లయైనను నిండకమునుపే క్షయరోగముచే మరణించెను. చదివిన స్త్రీ చెడిపోవునని పలుకువారికి ఆనందీబాయి జీవితమును మించిన సమాధానమేమున్నది? బిడ్డలను పోగొట్టుకొనిన అచ్చమాంబ ఈ చరిత్రను వ్రాయునప్పుడు ఆ తల్లిదుఃఖమును ఎంత బాగుగా గ్రహించియుండునో మన మూహింపవచ్చును.

రత్నమాలను మూడు భాగములుగా వ్రాయవలెనని ఆమె సంకల్పము. రెండవ భాగమున వేదకాలపు స్త్రీలు, పురాణస్త్రీలు, బౌద్ధస్త్రీలు. మూడవ భాగమున విదేశముల స్త్రీలు. ఇట్లు ప్రాచీనకాలమునుండి తన కాలమువరకును, తన దేశమునుండి ఇతరదేశములవరకును స్త్రీజాతి చరిత్ర నంతటిని తెలుగువారి ముంగిట నిలుపవలెనని ఆమె తలచెను.

చరిత్రతోపాటు అచ్చమాంబ కథలును వ్రాసెను. ఆనాడు స్త్రీలకొరకు కొన్ని మాసపత్రికలు వెలువడుచుండెను. రాయసం వెంకటశివుడుగారి ‘తెలుగు జనానా’ అట్టిది. 1902లో ‘హిందూసుందరి’ ప్రారంభమైనది. ఈ పత్రికలలో ఆమె కథలు అచ్చయ్యెను. వానిలో రాజులు లేరు, మంత్రములు లేవు, రాక్షసులు లేరు. మన యిండ్లలో నుండు భార్యాభర్తలు, వారి లేమి, వారి చిన్నచిన్న కలహములు, వారి మంచి చెడ్డలు, ఇవియే వానికి వస్తువులు.

1902లో హిందూసుందరిలో ప్రకటితమైన ‘ధనత్రయోదశి’ వానిలో మిక్కిలి పేరు గన్నది. దీపావళి పండుగ దినములు. ధనలక్ష్మిని పూజింపవలసిన త్రయోదశినాడు ఒక పేదయింట ధనము లేదు. పండుగ జరుపలేని బాధచే భర్త మనసు చలించి అన్యాయార్జితమువైపు పోవును. అతని భార్య విజయలక్ష్మి దానిని అంగీకరింపదు. పేదరికముకన్న దొంగసొమ్మే ఎక్కువ అవమానమని ఆమె భర్తకు నచ్చజెప్పి, అతనిని పాపమునుండి తప్పించును. కథ చిన్నది. కాని ఇందు ధర్మమును బోధించునది గురువు కాదు, శాస్త్రము కాదు, వంటయింటిలోనున్న ఇల్లాలు. ‘స్త్రీవిద్య’ అను మరియొక రచన మొదటినుండి చివరివరకును భార్యాభర్తల సంభాషణముగనే నడచును. అందు భర్త చదువుకొమ్మని కోరును. భార్య తనకు తోచిన ఆటంకములను ఒక్కొక్కటిగా చెప్పును. భర్త ఒక్కొక్కదానికి బదులు చెప్పును. చదువుకు అడ్డుపడునది ఇతరులు మాత్రమే కాదు, స్త్రీ మనసులో పాతుకొనిన సంకోచమును అడ్డుపడుననుట అచ్చమాంబ యెరిగినదే. తాను దాటివచ్చిన దారియే గదా!

వ్రాయుటతో ఆమె తృప్తిపడలేదు. పుస్తకము చదువుటకైనను మొదట చదువు రావలెను. చదువు రావలెనన్నచో స్త్రీలు ఒకచోట కలిసికొనవలెను. ఈ తలంపుతో 1902లో మచిలీపట్టణమున ఓరుగంటి సుందరీరత్నమాంబతో కలిసి ‘బృందావన స్త్రీసమాజము’ను స్థాపించెను. తెలుగుదేశమున పలుతావులకు పోయి స్త్రీలతో మాటలాడి, సమాజములను నెలకొల్పుటకు ప్రోత్సహించెను. ఇల్లు దాటి బయటకు వచ్చుటయే తప్పుగా నెంచు ఆ దినములలో, ఒక స్త్రీ యూరూరు తిరిగి ఉపన్యసించుట ఎంతటి సాహసమో నేడు మనము తెలిసికొనుట కష్టము.

ఆ కాలమున దేశమును ప్లేగువ్యాధి పట్టి పీడించుచుండెను. 1896లో బొంబాయిలో కనబడిన ఆ మహమ్మారి క్రమముగా ఇతరప్రాంతములకు వ్యాపించెను. ఎలుకలపై నుండు కీటకములు కరచుటవలన ఆ రోగక్రిమి మనుష్యులకు సోకును. గజ్జలలోను, చంకలలోను గడ్డలు లేచి, తీవ్రమైన జ్వరము వచ్చును. నేడు ఈ వ్యాధిని నయముచేయు మందులు కలవు. ఆనాడవి లేవు. ఇంటిలో ఒకనికి రోగము సోకినదని తెలిసినచో, ఇరుగుపొరుగువారు ఊరు విడిచి పారిపోయెడివారు. కన్నవారిని కన్నబిడ్డలే విడిచిపోయిన సంగతులును కలవు. అట్టి సమయమున అచ్చమాంబ రోగులకడకు పోయి పరిచర్య చేసెను. ఆ సేవలోనే ఆమెకును రోగము తగిలెను. 1905వ సంవత్సరారంభమున మధ్యపరగణాలలోని బిలాసపురమున ఆమె కన్నుమూసెను. అప్పటి కామె వయస్సు ముప్పది యేండ్లు. తలపెట్టిన రత్నమాల పూర్తికాకుండనే మిగిలిపోయెను. ప్రపంచస్త్రీల చరిత్రయగు మూడవ భాగము తెలుగువారికి దక్కలేదు.

ఆమె తమ్ముడు కొమర్రాజు వేంకట లక్ష్మణరావుగారు ఆ జ్ఞానదీపమును ఆరనీయలేదు. రావిచెట్టు రంగారావు, మునగాల రాజా నాయని వేంకటరంగారావు మున్నగువారితో కలిసి 1901లో హైదరాబాదున శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయమును స్థాపించినవారిలో ఆయన యొకరు. నిజాము రాష్ట్రమున తెలుగునకు ఆదరము తక్కువగా నున్న ఆ కాలమున, ఆ గ్రంథాలయము తెలుగువారికి కొండంత అండయైనది. నేటికిని అది సుల్తాన్ బజారులో కలదు. 1906లో అదే నగరమున ఆయన విజ్ఞానచంద్రికా మండలిని స్థాపించి, చరిత్ర, శాస్త్రము మొదలగు విషయములపై సులభమైన గ్రంథములను ప్రకటింపజేసిరి. పిమ్మట ఆంధ్ర విజ్ఞానసర్వస్వమను మహాగ్రంథమునకు పూనుకొని 1923లో మరణించిరి. తెలుగునాట ఆధునిక విజ్ఞానమును వ్యాపింపజేసిన ఆ మహనీయుని చదువునకు తొలిదినములలో తోడుగా కూర్చున్నది అచ్చమాంబయే. ఆ యింట చదువు ఒకరి సొత్తు గాక, అక్కతమ్ములిద్దరి సొత్తయ్యెను.

అచ్చమాంబ మరణించిన పిదప లోక మామెను చాలకాలము మరచినది. 1910లో వెలువడిన గురజాడ అప్పారావుగారి ‘దిద్దుబాటు’ తెలుగున మొదటి కథానికయని సాహిత్యచరిత్రకారులు వ్రాసిరి. అది గొప్ప కథ యనుటలో సందేహము లేదు. కాని దానికి ఎనిమిదేండ్లు ముందుగనే ‘ధనత్రయోదశి’ అచ్చయినది. పాతపత్రికల దుమ్ము దులిపి చూచిన పరిశోధకులు ఈ సంగతిని వెలికితెచ్చిరి. ఇరువది యొకటవ శతాబ్దమున సంగిశెట్టి శ్రీనివాస్ ఆమె కథలను కూర్చి హైదరాబాదున సంపుటముగా ప్రకటించిరి. మొదటి కథ యేదను చర్చ నేటికిని సాగుచున్నది. అది యెట్లు ముగిసినను, తెలుగుకథ పుట్టిన దినములలో ఒక స్త్రీ కలము పట్టియుండెనను సత్యమును ఇక నెవరును మరుగుపరుపజాలరు. మరుగునపడిన స్త్రీల పేర్లను వెలికితీయుటకు జీవితమును ధారపోసిన ఆమె పేరే మరుగునపడుట విచారకరము. ఆమె చేసిన పద్ధతినే అనుసరించి, నిదర్శనములు వెదకి, ఆమె పేరును తిరిగి నిలుపుట సంతోషకరము.

నేడు అబలా సచ్చరిత్ర రత్నమాలను చదువుటకు నాగపురము పోనక్కరలేదు. తెలుగు వికీసోర్సు అను అంతర్జాల గ్రంథాలయమున అది యెవరికైనను ఉచితముగా లభించును. హైటెక్ సిటీలో పనిచేయు యువతి తన చేతిఫోనులోనే దానిని తెరచి చదువవచ్చును. తమ్ముని పుస్తకముప్రక్క కూర్చుండి అక్షరములు నేర్చిన అక్క వ్రాసిన గ్రంథము, అక్షరములతో జీవించు ఈనాటి చెల్లెండ్ర కందుబాటులో నున్నది.

విద్యార్థులారా! మీ యింటను, మీ పొరుగింటను చదువు మధ్యలో మానిన అక్క యుండవచ్చును. చదువ నేర్వని అమ్మమ్మ యుండవచ్చును. మీరు పాఠము చదువుకొనునప్పుడు ఆమెను ప్రక్కన కూర్చుండబెట్టుకొని బిగ్గరగా చదువుడు. వినుచున్న యామెలో ఎంతటి శక్తి దాగియున్నదో ఎవరు చెప్పగలరు? నాగపురమున లక్ష్మణరావు చదువుచుండగా అచ్చమాంబ విన్నది. ఆ వినికిడియే తెలుగువారికి ఒక చరిత్రకారిణిని, ఒక కథారచయిత్రిని ప్రసాదించినది.